మద్రాసు సౌధాల శిల్పి చిషోమ్
విజయనగరం మహారాజు పునాదిరాయి వేసిన టౌన్‌హాలుకు రూపకర్త ఆయనే

విజయనగరం: చెన్నై సెంట్రల్ స్టేషన్‌లో రైలు దిగి పూనమల్లి హైరోడ్డు మీదికి వచ్చే ఉత్తరాంధ్ర ప్రయాణికులకు తెల్లని రిప్పన్ భవనం సమీపంలోనే ఎర్ర ఇటుకల పాత కట్టడం ఒకటి కనిపిస్తుంది. చతురస్రాకారపు బురుజు, దానిపై కేరళ దేవాలయాలను తలపించే కప్పు, వరుస తోరణాలతో కూడిన వసారాలు దాని ఆనవాళ్లు. అదే విక్టోరియా పబ్లిక్ హాలు. మద్రాసు పౌరులకు సొంత సభామందిరం ఉండాలన్న సంకల్పంతో తలపెట్టిన ఆ భవనానికి 1883 డిసెంబరు 17న శంకుస్థాపన చేసినవారు విజయనగరం మహారాజు పూసపాటి ఆనంద గజపతిరాజు. దానికి రూపకల్పన చేసినవారు రాబర్ట్ ఫెలోస్ చిషోమ్ అనే ఆంగ్లేయ వాస్తుశిల్పి.

రాజధానిలోని ఆ హాలుకు విజయనగరంతో గల సంబంధం జిల్లాలో కొద్దిమందికే తెలుసు. దాని శిల్పి గురించి తెలిసినవారు అంతకన్నా తక్కువ. విశ్వవిద్యాలయం, కళాశాల, తంతి తపాలా కార్యాలయం, రెవెన్యూ బోర్డు, గ్రంథాలయం, ప్రదర్శనశాల, సభామందిరం వంటి ప్రజోపయోగ భవనాలకే జీవితంలో అధిక భాగాన్ని వెచ్చించిన వ్యక్తి చిషోమ్. ఒకవైపు భవనాలు కడుతూనే మరోవైపు కళాశాలకు అధిపతిగా, ప్రభుత్వ వాస్తు సలహాదారుగా వృత్తికి నాయకత్వం వహించారు. నేటి శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల ప్రాంతం నాడు మద్రాసు రాజధానిలో భాగం. శ్రీకాకుళం గంజాం జిల్లాలోను, విజయనగరం విశాఖపట్నం జిల్లాలోను ఉండేవి. ఆయన కట్టిన కార్యాలయాల నుంచి వెలువడిన ఉత్తర్వులే ఇక్కడి గ్రామాలను నడిపించాయి.

పోటీలో గెలిచి మద్రాసుకు

చిషోమ్ 1840 జనవరి 11న లండన్‌లో జన్మించారు. అక్కడే చదువు ముగించుకుని యువకుడిగా కలకత్తా చేరి, బెంగాల్ ప్రజాపనుల శాఖలో ఉద్యోగంలో కుదిరారు. ఆ దశలోనే మద్రాసు ప్రభుత్వం ప్రెసిడెన్సీ కళాశాలకు, విశ్వవిద్యాలయ సెనేట్ భవనానికి నమూనాలు కోరుతూ 1864లో పోటీ ప్రకటించింది. చిషోమ్ పంపిన నమూనాలు గెలుపొందాయి. 1865 నాటికి ఆయన మద్రాసులో స్థిరపడ్డారు. అప్పటికి ఆయన వయస్సు 25 ఏళ్లు.

ఆ రోజుల్లో ప్రభుత్వ భవనాలన్నీ ప్రజాపనుల శాఖ ఇంజనీర్ల చేతిలోనే ఉండేవి. రోడ్లు, వంతెనలు, కాలువలు, బ్యారకులు కట్టే వారే కచేరీలు, ఆస్పత్రులు కూడా కట్టేవారు. ఒకచోట గీసిన నమూనానే ప్రాంతమేదైనా మరోచోట అమలు చేయడం ఆనవాయితీ. భవనం అందచందాలకు, స్థానిక వాతావరణానికి ప్రత్యేకంగా బాధ్యత వహించే నిపుణుడంటూ లేరు. వాస్తుశిల్పి అనే వృత్తికి ప్రభుత్వ యంత్రాంగంలో స్థానం కల్పించడమే చిషోమ్ సాధించిన తొలి విజయం. 1870ల ఆరంభం నుంచి ఆయన మద్రాసు ప్రభుత్వానికి వాస్తు సలహాదారు హోదాలో దాదాపు దశాబ్దన్నర కాలం పనిచేశారు.

సముద్రతీరాన ప్రెసిడెన్సీ కళాశాల 1870లో ప్రారంభమైంది. విక్టోరియా రాణి కుమారుడు ఎడిన్‌బరో డ్యూక్ ఆ వేడుకకు హాజరయ్యారు. ఆ భవనం, ఊటీలో కట్టిన నీలగిరి గ్రంథాలయం పూర్తిగా ఐరోపా పోకడల్లోనే సాగాయి. అప్పటివరకు చిషోమ్ కూడా తన దేశంలో నేర్చుకున్న పాఠాన్నే ఇక్కడ అప్పజెప్పారని చెప్పాలి. ఆయన దృష్టిని మార్చినవి రెండు. మొదటిది గవర్నరు లార్డ్ నేపియర్ ప్రోత్సాహం. రెండవది మదురైలో ఆయన కళ్లారా చూసిన తెలుగు రాజుల కట్టడం.

నాయకరాజుల మహలే పాఠశాల

లార్డ్ నేపియర్ 1866లో గవర్నరుగా వచ్చారు. గంజాం జిల్లా తీవ్రమైన కరవుతో అల్లాడిన సంవత్సరమది. పాలనాపరమైన చిక్కుల మధ్యనే నేపియర్ ఈ దేశపు కట్టడాలపై ఆసక్తి పెంచుకున్నారు. ఇక్కడి ఎండలకు, వానలకు తట్టుకునే గుమ్మటాలు, తోరణాలు, లోతైన వసారాలు స్థానికంగానే ఉండగా ఇంగ్లండు భవనాలను యథాతథంగా దింపడం తగదని 1870లో మద్రాసులో చేసిన ప్రసంగంలో వాదించారు. ప్రభుత్వ భవనాలకు దేశీయ రీతులనే అనుసరించాలన్నది ఆయన సూచన.

మదురైలోని తిరుమల నాయకుని మహలు అప్పటికి శిథిలావస్థలో ఉంది. తెలుగు మూలాలు గల మదురై నాయకరాజుల్లో ప్రసిద్ధుడైన తిరుమల నాయకుడు 17వ శతాబ్దంలో కట్టించిన ప్రాసాదమది. దాదాపు 40 అడుగుల ఎత్తయిన స్తంభాలు, వాటిని కలిపే తోరణాలు, పైన గుమ్మటాలు, వీటన్నింటికీ ఇటుక, సున్నమే ఆధారం. నేపియర్ దానిని మరమ్మతు చేయించి న్యాయస్థానాలకు వినియోగించాలని తలచారు. ఆ పనిలో చిషోమ్ పాలుపంచుకున్నారు. మహలును కొలిచి, గీసి, దాని నిర్మాణ రహస్యాలను అధ్యయనం చేశారు.

హిందూ దేవాలయ శిల్పం, మహమ్మదీయ తోరణం, ఐరోపా ప్రభావం ఒకే కప్పు కింద కలిసిపోవడం అక్కడ ఆయనకు కనిపించింది. రాళ్లు మోయించనవసరం లేకుండా ఇటుకతోనే అంతటి విశాలమైన కట్టడం నిలబడుతుందని బోధపడింది. తదుపరి కాలంలో పండితులు ఇండో సారసెనిక్ అని పేరు పెట్టిన నిర్మాణ శైలికి దక్షిణాదిన పునాది పడింది ఇలాగే. ఆ శైలికి ఆద్యులలో ఒకరిగా చిషోమ్ చరిత్రలో నిలిచారు. ఆయనకు ఆ పాఠం నేర్పిన మహలును కట్టిన తాపీపనివారి పేర్లు మాత్రం ఏ చరిత్రలోనూ కానరావు.

రెండు సంప్రదాయాల కలయిక ఉత్తరాంధ్ర వాసులకు కొత్త కాదు. కళింగ శిల్పానికి ఆలవాలమైన శ్రీముఖలింగం, 1641లో షేర్ మహమ్మద్ ఖాన్ కట్టించిన శ్రీకాకుళం జామియా మసీదు ఒకే జిల్లాలో ఉన్నాయి. శతాబ్దాలుగా ఈ నేల మీద పక్కపక్కనే నిలిచిన ఇటువంటి రెండు రీతులను ఒకే ప్రభుత్వ భవనంలో కలపడమే చిషోమ్ చేసిన ప్రయోగం.

చేపాకం బురుజు, సెనేట్ గుమ్మటాలు

ఆర్కాటు నవాబుల చేపాకం ప్రాసాదం 18వ శతాబ్దంలో నిర్మితమైంది. నవాబు పదవి 1855లో రద్దయ్యాక అది ప్రభుత్వపరమైంది. అందులోని రెండు మహళ్ల నడుమ ఎత్తయిన బురుజు ఒకటి కట్టి, ప్రాంగణాన్ని రెవెన్యూ బోర్డు కార్యాలయాలకు అనువుగా విస్తరించే బాధ్యత చిషోమ్‌కు దక్కింది. పాత మహలు తీరుకు భంగం కలగకుండా కొత్త కట్టడాన్ని దానిలో ఇమిడ్చారు. ఆయన దేశీయ రీతిలో చేసిన తొలి పెద్ద ప్రయత్నంగా దీనిని పేర్కొంటారు.

రెవెన్యూ బోర్డు అంటే నాటి రైతుకు, జమీందారుకు సుపరిచితమైన పేరు. శిస్తు బందోబస్తులు, జమీందారులు చెల్లించే పేష్కష్, మైనర్ల ఎస్టేట్లను చూసే కోర్ట్ ఆఫ్ వార్డ్స్ వ్యవహారాలు ఆ బోర్డు పరిధిలోనివే. గంజాం, విశాఖపట్నం జిల్లాల సంస్థానాల దస్త్రాలు ఆ గుమ్మటాల కిందికే చేరేవి.

పక్కనే సెనేట్ భవనం రూపుదిద్దుకుంది. మొదట పోటీలో గెలిచిన నమూనాను పక్కనపెట్టి, మారిన దృక్పథంతో చిషోమ్ దానిని తిరిగి గీశారు. 1869లో మొదలైన పని 1870ల దశకంలో పూర్తయింది. నాలుగు మూలల గుమ్మటాల బురుజులు, నడుమ స్తంభాలు లేని విశాలమైన హాలు, రంగు అద్దాల కిటికీలు, చెక్కిన స్తంభశీర్షాలు ఆ భవనం ప్రత్యేకతలు. మద్రాసు విశ్వవిద్యాలయం 1857లో ఏర్పడింది. ఆంధ్ర విశ్వవిద్యాలయం 1926లో ఏర్పడేవరకు ఉత్తరాంధ్ర విద్యార్థులకు పట్టాలు ఇచ్చింది ఆ విశ్వవిద్యాలయమే. 1879లో కళాశాల స్థాయికి ఎదిగిన విజయనగరం మహారాజా కళాశాల దానికి అనుబంధంగానే నడిచింది. గురజాడ అప్పారావు 1886లో పొందిన బి.ఏ. పట్టా కూడా ఆ విశ్వవిద్యాలయానిదే.

ఈ వైభవానికి మరో పార్శ్వం లేకపోలేదు. సెనేట్ భవనం వంటి సౌధాలు లేచిన దశాబ్దంలోనే 1876 నుంచి 1878 వరకు మద్రాసు రాజధానిని మహాక్షామం కబళించింది. లక్షలాది ప్రజలు ఆకలితో, అంటురోగాలతో మరణించారు. ఆ దశలో రంగు అద్దాలకు, గుమ్మటాలకు ఖజానా సొమ్ము వెచ్చించిన ప్రభుత్వం తిండిగింజల వద్ద పొదుపు పాటించిందన్నది చరిత్రకారుల విమర్శ. నవాబుల, రాజుల రీతిలో భవనాలు కట్టి తామే వారి వారసులమని చాటుకోవడానికి ఆంగ్లేయులు ఈ శైలిని వాడుకున్నారన్న అభిప్రాయం కూడా బలంగా ఉంది. చిషోమ్ ఆ ప్రభుత్వ ఉద్యోగే. ఆయన కృషిని అంచనా వేసేటప్పుడు ఈ వాస్తవాన్ని విస్మరించలేము.

చేతిపనివారికి గౌరవం

మద్రాసులో 1850లో డాక్టర్ అలెగ్జాండర్ హంటర్ స్థాపించిన చిత్రకళా పాఠశాల క్రమంగా పారిశ్రామిక కళల పాఠశాలగా మారింది. 1877లో చిషోమ్ దాని సూపరింటెండెంటుగా నియమితులయ్యారు. ఒకవైపు ప్రభుత్వ వాస్తు సలహాదారు, మరోవైపు కళాశాల అధిపతి అయిన ఆయన ఆ రెండు బాధ్యతలను అనుసంధానించారు. వడ్రం, లోహపు పని, కుండల పని, చెక్కడం వంటి విద్యల్లో ఐరోపా నమూనాలను అనుకరించే పద్ధతికి బదులు దేశీయ నమూనాలకు ప్రాధాన్యం కల్పించారు.

ఆయన నమ్మకం ఒకటే. కాగితం మీద గీత గీసే వ్యక్తి ఎంత నిపుణుడైనా, ఆ రూపాన్ని తరతరాలుగా ఎరిగిన తాపీమేస్త్రి, వడ్రంగి, శిల్పి చేయి లేకుండా భవనానికి జీవం రాదు. అందువల్ల వాస్తుశిల్పి పనివారి మధ్య నిలబడి వారి పద్ధతులు తెలుసుకోవాలని, అలంకరణ విషయంలో వారికి కొంత స్వేచ్ఛ ఇవ్వాలని ఆయన వాదించారు. 1883లో లండన్‌లోని బ్రిటిష్ వాస్తుశిల్పుల రాయల్ సంస్థలో బరోడా కళాశాల నిర్మాణంపై, భారతదేశపు గుమ్మటాలపై పత్రం సమర్పించారు. ఆ సంస్థ ఫెలోగా ఉన్న ఆయన ఇంగ్లండులోని తన వృత్తివారికి భారతీయ నిర్మాణ పద్ధతులను వివరించారు. 1890ల దశకంలో బరోడా ప్రాసాదంపై మరో పత్రం చదివారు.

ఆనాటికి దేశంలో వాస్తుశిల్పులకంటూ సంఘం లేదు. చట్టబద్ధమైన గుర్తింపు అసలే లేదు. బొంబాయిలో 1917లో ఆరంభమైన సంఘమే కాలక్రమంలో భారతీయ వాస్తుశిల్పుల సంస్థగా రూపొందింది. ఆ వృత్తికి చట్టం వచ్చింది 1972లో. అంతకు దాదాపు శతాబ్దం ముందే ప్రభుత్వ భవనానికి ఇంజనీరుతో పాటు వాస్తుశిల్పి కూడా ఉండాలన్న సూత్రాన్ని చిషోమ్ మద్రాసులో ఆచరణలో చూపించారు. ఆయన తరువాత హెన్రీ ఇర్విన్ ఆ బాధ్యతలు స్వీకరించి, మద్రాసు హైకోర్టు వంటి సౌధాలను అదే బాటలో పూర్తిచేశారు.

చిషోమ్ నడిపిన పాఠశాలే నేడు చెన్నై ప్రభుత్వ లలితకళల కళాశాల. బొబ్బిలిలో పుట్టి విజయనగరంలో స్థిరపడిన చిత్రకారుడు అంట్యాకుల పైడిరాజు 20వ శతాబ్దంలో ఆ సంస్థలోనే దేవీప్రసాద్ రాయ్ చౌధురి శిక్షణలో చిత్రకళ అభ్యసించారు. ఆయన విజయనగరం తిరిగివచ్చి ఎందరో శిష్యులను తీర్చిదిద్దారు.

ఊరికి తగిన కప్పు

ఒకే శైలిని అన్నిచోట్లా రుద్దకపోవడం చిషోమ్ ప్రత్యేకత. తిరువనంతపురంలో ప్రదర్శనశాల కట్టవలసి వచ్చినప్పుడు ఆయన మద్రాసు గుమ్మటాలను అక్కడికి మోసుకుపోలేదు. తిరువాన్కూరు ప్రాంతపు చెక్క భవనాలను, వాటి ఏటవాలు కప్పులను పరిశీలించారు. భారీ వర్షాలు కురిసే ఆ నేలకు కోసుగా దిగే పెంకుటి కప్పులే తగినవని గ్రహించి, వాటినే పెద్ద కట్టడానికి అన్వయించారు. గాలి సహజంగా ప్రసరించే ఏర్పాటుతో 1880లో పూర్తయిన ఆ భవనమే నేపియర్ మ్యూజియం. విద్యుత్తు పంకా లేని కాలంలో లోపలి గదులను చల్లగా ఉంచడానికి ఎత్తయిన కప్పు, ఎదురెదురు కిటికీలు, వెడల్పాటి వసారాలే ఆయన వాడిన సాధనాలు.

తిరువాన్కూరు కప్పు ఆయనకు ఎంతగానో నచ్చింది. 1884లో ప్రారంభమైన మద్రాసు జనరల్ పోస్టాఫీసు జంట బురుజులకు, ఆ తరువాత విక్టోరియా హాలుకు దాని ఛాయలు అద్దారు. మౌంట్ రోడ్డులో పి.ఆర్ అండ్ సన్స్ గడియారాల దుకాణానికి 1879లో కట్టిన భవనం కూడా ఆయనదే. పోస్టాఫీసు నిర్మాణంలో ప్రజల రాకపోకలకు వీలైన విశాలమైన హాలు, సిబ్బంది పనికి వెలుతురు, ఎండపొడ తగలని నడవలు ప్రధానంగా కనిపిస్తాయి. విశాఖపట్నం, భీమునిపట్నం రేవుల నుంచి ఓడల్లో వచ్చే ఉత్తరాలు రాజధానిలో పంపిణీ అయ్యే కాలమది.

మహారాజు చేతి పునాదిరాయి

మద్రాసులో పౌరసభలకు, నాటకాలకు, ప్రసంగాలకు తగిన మందిరం కావాలన్న ఆలోచన 1882లో నగర ప్రముఖుల్లో మొదలైంది. విరాళాలు సేకరించారు. మరుసటి ఏడాది శంకుస్థాపనకు విజయనగరం మహారాజు ఆనంద గజపతిరాజును ఆహ్వానించారు. 1850లో జన్మించి 1879లో సంస్థానాధిపతి అయిన ఆయనకు అప్పటికి 32 ఏళ్లు. తూర్పు తీరపు రైలు మార్గం అప్పటికి లేదు. అది 1890ల దశకంలో గాని పూర్తికాలేదు. విజయనగరం నుంచి మద్రాసు చేరడం సుదీర్ఘ ప్రయాణమే.

విద్య, కళలు, గ్రంథ ప్రచురణలకు ఆనంద గజపతిరాజు ఇచ్చిన ప్రోత్సాహం జగద్విదితం. మాక్స్‌ముల్లర్ పరిష్కరించిన ఋగ్వేదం రెండవ ముద్రణకు అయిన వ్యయాన్ని భరించింది ఆయనే. గురజాడకు ఆశ్రయమిచ్చి, కన్యాశుల్కం 1892లో విజయనగరంలో ప్రదర్శితం కావడానికి దోహదపడింది ఆయనే. విజయనగరం నడిబొడ్డున ఇసుకరాతితో అష్టభుజాకారంలో లేచిన గంటస్తంభం కూడా ఆయన కాలానిదే. అది 1885లో నిర్మితమైంది. తన పట్టణంలో గడియార స్తంభం లేచిన దశాబ్దంలోనే రాజధాని పౌరుల సభామందిరానికి ఆయన చేతిమీదుగా పునాదిరాయి పడింది.

హాలు నిర్మాణం 1888 నుంచి 1890 వరకు సాగింది. 1887లో జరిగిన విక్టోరియా రాణి స్వర్ణోత్సవానికి గుర్తుగా దానికి ఆమె పేరు పెట్టారు. కాంట్రాక్టరు తాటికొండ నంబెరుమాళ్ చెట్టి తెలుగువారు. 1856లో జన్మించిన ఆయన మద్రాసు హైకోర్టుతో సహా అనేక ప్రభుత్వ భవనాలను నిర్మించి 1925లో కన్నుమూశారు. గణిత మేధావి శ్రీనివాస రామానుజన్ 1920లో చివరి రోజులు గడిపిన చెట్‌పేటలోని ఇల్లు కూడా ఆయనదే. ఆ విధంగా ఒక ఆంగ్లేయుడి నమూనా, ఒక తెలుగు రాజు పునాదిరాయి, ఒక తెలుగు కాంట్రాక్టరు పనితనం కలిసి ఆ హాలుకు రూపమిచ్చాయి.

గచ్చు పూత లేని ఎర్ర ఇటుక గోడలు, సున్నం గార, చెక్క గ్యాలరీ, కింద ఒకటి పైన ఒకటిగా రెండు హాళ్లు దాని స్వరూపం. బళ్లారి నుంచి ధర్మవరం కృష్ణమాచార్యుల బృందం 1891లో మద్రాసు వచ్చి తెలుగు నాటకాలు ప్రదర్శించింది. వాటిని చూసి ఉత్తేజం పొందిన పమ్మల్ సంబంధ మొదలియార్ అదే ఏడాది సుగుణ విలాస సభను స్థాపించారు. ఆధునిక తమిళ నాటకానికి పట్టుకొమ్మగా నిలిచిన ఆ సభకు విక్టోరియా హాలు దీర్ఘకాలం వేదికైంది. అమెరికా నుంచి తిరిగివచ్చిన స్వామి వివేకానంద 1897 ఫిబ్రవరిలో ప్రసంగించింది ఈ హాలులోనే.

బరోడా నుంచి లండన్‌కు

చిషోమ్ కీర్తి మద్రాసు సరిహద్దులు దాటింది. బరోడా సంస్థానాధీశుడు మూడవ శాయాజీరావు గైక్వాడ్ తలపెట్టిన లక్ష్మీ విలాస్ ప్రాసాదం నిర్మాణంలో ఉండగా దాని రూపకర్త మేజర్ చార్లెస్ మాంట్ 1881లో మరణించారు. అర్ధాంతరంగా ఆగిన ఆ బృహత్ కార్యాన్ని చిషోమ్ చేపట్టి 1890లో పూర్తిచేశారు. మరొకరు గీసిన నమూనాను గౌరవిస్తూ ముగించడం వాస్తుశిల్పికి కఠిన పరీక్ష. ఆయన ఆ పరీక్షలో నెగ్గారు. బరోడా కళాశాలకు బీజాపూర్ గోల్ గుంబజ్ స్ఫూర్తితో కట్టిన భారీ గుమ్మటం ఆయన నిర్మాణ సామర్థ్యానికి నిదర్శనం. మహారాజా శాయాజీరావు విశ్వవిద్యాలయంలో అది నేటికీ తలమానికంగా నిలిచి ఉంది.

1880ల మధ్యలో మద్రాసు కొలువు విడిచి బరోడాలో స్థిరపడిన ఆయన, 20వ శతాబ్ది ఆరంభం నాటికి ఇంగ్లండు చేరుకున్నారు. లండన్‌లోని స్లోన్ టెర్రస్‌లో క్రిస్టియన్ సైన్స్ వారికి నిర్మించిన ప్రార్థన మందిరం ఆయన చివరి రోజుల్లోని ముఖ్యమైన కట్టడం. 1907లో ప్రారంభమైన ఆ మందిరం కాలక్రమంలో మూతపడి, 2004లో కాడొగన్ హాలు పేరిట సంగీత సభామందిరంగా మారింది. తూర్పు దేశాల ఛాయలున్న దాని బురుజును చూసినవారికి చిషోమ్ తన స్వదేశానికి కొంత మద్రాసును తీసుకువెళ్లారనిపిస్తుంది. 1915 మే 28న ఆయన ఇంగ్లండులోనే తుదిశ్వాస విడిచారు.

కట్టడాల పరిస్థితి

చిషోమ్ కట్టిన భవనాలలో కొన్ని అదృష్టానికి, కొన్ని దురదృష్టానికి నోచుకున్నాయి. నేపియర్ మ్యూజియం సందర్శకులతో కళకళలాడుతోంది. సెనేట్ భవనం చాలాకాలం నిరాదరణకు గురై, విశ్వవిద్యాలయ 150వ వార్షికోత్సవం సందర్భంగా 2000ల దశకంలో తిరిగి మెరుగులు దిద్దుకుంది. జనరల్ పోస్టాఫీసులో 2000లో, చేపాకం ప్రాసాదంలో 2012లో అగ్నిప్రమాదాలు సంభవించాయి. చేపాకం మహలు దెబ్బతిన్న భాగాన్ని సంప్రదాయ పద్ధతిలో పునరుద్ధరించారు.

విక్టోరియా హాలుది సుదీర్ఘ వ్యథ. నాటకాలు సినిమా హాళ్లకు తరలిపోయాక ఆదాయం తగ్గింది. స్థలం లీజు విషయమై నిర్వాహకులకు, నగరపాలక సంస్థకు మధ్య వివాదం న్యాయస్థానాల్లో ఏళ్ల తరబడి నడిచింది. తలుపులు మూసిన హాలులో చెక్క పాడైంది, గోడల్లో మొక్కలు మొలిచాయి. చివరకు 2020ల దశకంలో చెన్నై నగరపాలక సంస్థ సమగ్ర పునరుద్ధరణ చేపట్టింది.

ఇటువంటి పాత కట్టడాన్ని సిమెంటుతో పూడ్చితే మేలుకన్నా కీడే ఎక్కువ. గానుగ సున్నంతో కట్టిన గోడ తేమను పీల్చి వదులుతుంది. దానిపై సిమెంటు పూత వేస్తే ఆ తేమ లోపలే నిలిచి ఇటుకను తినేస్తుంది. అందువల్ల సున్నం పని తెలిసిన మేస్త్రీలనే వెదికి తెచ్చుకోవలసి వస్తోంది. ఆ విద్య తెలిసినవారు ఉత్తరాంధ్రలోనూ నానాటికీ తగ్గిపోతున్నారు. విజయనగరం, బొబ్బిలి కోటలు మొదలుకొని పల్లెల్లోని పాత లోగిళ్ల వరకు జిల్లాలో సున్నంతో లేచిన కట్టడాలు అనేకం ఉన్నాయి. వాటి మరమ్మతులకు రేపు ఆ చేతులే కావాలి.

చిషోమ్ మద్రాసులో అడుగుపెట్టినప్పుడు పనివారికి నేర్పడానికి వచ్చిన అధికారి. మదురై మహలులో, తిరువాన్కూరు చెక్క కప్పుల కింద వారి వద్దే నేర్చుకున్న విద్యార్థి అయ్యారు. ఆయన భవనాలు ఈ నేలకు అతికినట్టు అమరడానికి కారణం అదే. పాలకులు మారారు, భవనాలకు పేర్లు మారాయి. విశ్వవిద్యాలయం, పోస్టాఫీసు, మ్యూజియం మాత్రం ప్రజలకు సేవలందిస్తూనే ఉన్నాయి. విజయనగరం మహారాజు పునాదిరాయి వేసిన హాలు కూడా మళ్లీ ప్రజల సభలకు, నాటకాలకు నెలవైతేనే 1883లో ఆ రాయి వేసిన ఉద్దేశం నెరవేరుతుంది.